చంపు చేయి, కూలి యిచ్చు చేయి

చిత్రకథలను గూర్చి సాహిత్యపత్రికలో వ్రాయుట తగునా యని మా చదువరులలో గొందరు సందేహింపవచ్చును. అవి బాలుర కాలక్షేపమునకై యచ్చువేయబడు రంగుల కాగితములనియు, వానిని విమర్శింపబూనుట పిచ్చుకపై బ్రహ్మాస్త్రమును ప్రయోగించుట వంటిదనియు వారు తలంపవచ్చును. కాని యింటిలోని బాలుడు పదేపదే చదువునదేదియు నల్పమైనది కాదని మా నమ్మకము. తల్లిదండ్రులు చెప్పిన నీతివాక్యమును ఒకసారి విని మఱచెడి పిల్లవాడు తాను మెచ్చిన వీరుని చేతలను నూఱుసారులు తలచుకొనును. అదియునుగాక, అమెరికా దేశమున బుట్టిన యీ మహావీరుల కథలు కాగితముమీదనే నిలిచిపోలేదు. చలనచిత్రములై, తెలుగు మాటలు పలుకుచు, మన యూళ్ల ప్రదర్శనశాలలకును మన యిండ్లలోనికిని వచ్చి కూర్చున్నవి. కావున వానియందలి మంచిచెడ్డల నరయుట పెద్దలకు విధియే యగుచున్నది.

ఈ వ్యాసమున మేము మహావీరులను గూర్చి వ్రాయబోము. వారిని బొగడువారు వేలకొలది గలరు. వారి ప్రతినాయకులను గూర్చియు విశేషముగా వ్రాయము. ఆ యిరువురి నడుమ నిలుచు మూడవవానిని గూర్చియే మా విచారము. ప్రతినాయకుడు తన చేతికి నెత్తురంటకుండ నెవనిచేత పని చేయించునో, యెవడు రొక్కము పుచ్చుకొని పరుని ప్రాణము దీయునో, ఆ బంటు, ఆ కిరాయి హంతకుడు మాకిచట ముఖ్యుడు. వానిని గూర్చి యేమి చెప్పినదో చూచి యొక కథ విలువను నిర్ణయింపవచ్చునని మా యభిప్రాయము. ఏలయన, చంపిన చేతిని బట్టుకొనుట సులభము. చంపించిన చేతిని బట్టుకొనుట కష్టము. సులభమైన దానితో తృప్తినొందు కథ బాలునకు సగము న్యాయమునే నేర్పును.

ఈ ప్రశ్న మనకు క్రొత్తది గాదు. కంసుడు పసిబాలునిపైకి పూతనను బంపెను, తృణావర్తుని బంపెను. వారు చచ్చినంత మాత్రమున కథ ముగియలేదు, మథురలో కంసుని గద్దెవఱకు నడచెను. లక్కయింటికి నిప్పుపెట్ట నియుక్తుడైన పురోచనుడు తానే యందు దగ్ధుడయ్యెను. కాని వానిని బంపిన దుర్యోధనుని లెక్క కురుక్షేత్రమునగాని తీరలేదు. మారీచుడు రావణునకు హితము చెప్పి, యతడు వినకపోగా, ఎటులైనను చావు తప్పనపుడు రాముని చేతిలో జచ్చుటయే మేలని యెంచి బంగారులేడి యయ్యెను. బంటునకును మనస్సు గలదనియు, వాని పాపమున నేలికకు బాలు గలదనియు మన పెద్ద లెఱుగుదురు. ఆ కొలబద్దను జేతబట్టుకొనియే యీ విదేశీయకథలను జూతము.

జెర్రీ సీగెల్, జో షుస్టర్ అను యువకులిరువురు సృజించిన సూపర్‌మాన్ 1938వ సంవత్సరము జూన్ నాటి ‘యాక్షన్ కామిక్స్’ మొదటి సంచికలో లోకమునకు గనబడెను. ఆనాటి కథలను నేడు చదువువారికి ఆశ్చర్యము గలుగకమానదు. అందు గ్రహాంతరములనుండి వచ్చిన శత్రువులు లేరు. అమెరికా శాసనసభలో నొక సభ్యుడు రహస్యముగా నొకని మాట వినుచున్నాడు. ఆ యొకడు వేఱొకని యాజ్ఞను నెఱవేర్చుచున్నాడు. సూపర్‌మాన్ ఈ దారము పట్టుకొని పోయి, రెండవ సంచికలో దాని కొనయందున్న ఎమిల్ నార్వెల్ అను ఆయుధవర్తకుని జేరును. యుద్ధము జరిగినచో వీనికి లాభము. వీరుడు వానిని జంపలేదు, చెఱసాలలో వేయలేదు. సామాన్యసైనికునిగా జేర్పించి, వాడు తయారుచేసిన గుండ్లు పడుచున్న రణభూమిలోనే వానిని నిలబెట్టెను. మూడవ సంచికలో, కూలివాండ్ర ప్రాణరక్షణకు వలయు ఖర్చు పెట్టని గని యజమానుని, వాని విందునకు వచ్చిన యతిథులతోకూడ, ఆ గనిలోనే చిక్కుపడునట్లు చేసెను. చిత్రములు మోటువి, మాటలు తొందరపాటువి. అయినను కథకు దృష్టి యున్నది. ఎదుట నిలిచినవానిని దన్ని యూరకుండక, వాని వెనుక డబ్బుసంచి యెవరిదని యది యడిగినది.

ఆ కాలమున నట్టి ప్రశ్న యడుగుటకు నిజముగనే కారణము గలదు. 1920 మొదలు 1933 వఱకు మద్యమును నిషేధించిన కాలములో ఆ దేశపు నగరములందు దొంగవ్యాపారము పెరిగి, నేరము సంఘములుగా నేర్పడెను. న్యూయార్కునందలి బ్రూక్లిన్ భాగమున, నేరసంఘముల పెద్దలకొఱకు కూలికి హత్యలు చేయు ముఠా యొకటి యుండెను. పత్రికలవారు దానికి ‘మర్డర్ ఇన్‌కార్పొరేటెడ్’ అని, హత్యల కంపెనీ యను నర్థమున, పేరు పెట్టిరి. ముఠాలోని ఏబ్ రీలిస్ అనువాడు 1940లో ప్రభుత్వమువైపు సాక్షియై నోరు విప్పెను. హత్య చేసినవారు మాత్రమే గాక, ఆజ్ఞ యిచ్చిన లూయీ బుకాల్టర్ కూడ దోషి యని తేలి, 1944లో మరణశిక్ష నొందెను. రీలిస్ మాత్రము, పోలీసులు కాపలా కాయుచుండగనే, 1941లో నొక హోటలు కిటికీనుండి క్రిందబడి మరణించియుండెను. చేయి నోరు తెఱచినగాని సంచి బయటపడదనియు, తెఱచిన నోటికి రక్షణ దుర్లభమనియు నీ చరిత్ర చెప్పుచున్నది. చిత్రకథలకు బునాదియైన సత్యమిది. కాని కథలు దీనిని చాలకాలము మఱచినవి.

మఱపునకు గొంత కారణము 1954వ సంవత్సరము. ఫ్రెడ్రిక్ వెర్థామ్ అను మనోవైద్యుడు, చిత్రకథలు బాలురను నేరములకు బురికొల్పుచున్నవని యొక గ్రంథము ప్రకటించెను. అమెరికా సెనేటు ఉపసంఘము విచారణ జరిపెను. ప్రకాశకులు భయపడి తమంతటతామే యొక నియమావళిని ఏర్పఱచుకొనిరి. నేరస్థునిపై సానుభూతి పుట్టరాదు, చెడుగుపై మంచికే యెల్లపుడు గెలుపు గలుగవలెను, అని యందలి విధులు. ఉద్దేశము మంచిదే యనుకొందము. ఫలమేమైనది? హత్య తగ్గినది, హత్య చేయించువానిని గూర్చిన యాలోచనయు దానితోపాటే తగ్గినది. మిగిలినవారు పేరులేని బంట్లు. ఒకే రంగు చొక్కాలు తొడుగుకొని, యజమానుని విచిత్రవేషమునకు దగినట్లు తామును వేషము వేసికొని, వీరుని పిడిగ్రుద్దులు తినుటకై వరుసగా నిలిచియుందురు. 1966 మొదలు 1968 వఱకు టెలివిజనులో నడచిన బ్యాట్‌మాన్ నాటకములలో నీ బంట్ల బృందములు పరిపాటి యైపోయినవి. వాడెవడు? ఎంత జీతమునకు వచ్చినాడు? వానికి భార్యాబిడ్డలు గలరా? దెబ్బలు తిన్న మఱునాడేమి చేయును? ఈ ప్రశ్నలు హాస్యమునకు దగినవేమో కాని న్యాయమునకు గూడ దగినవి. పేదవాడు మూకలోనివాడై, మూకలోనివాడు తన్నదగినవాడై పోవుట యొక విధమైన పాఠమే. ఆ పాఠమును నియమావళి తప్పుపట్టలేదు.

1971లో నియమములు సడలింపబడినవి. అటుతరువాత కిరాయి హంతకుడు పేరుతో, ముఖముతో, నైపుణ్యముతో రంగమెక్కెను. 1976లో ‘డేర్‌డెవిల్’ పత్రికలో బుల్స్‌ఐ అనువాడు ప్రవేశించెను. కాగితము ముక్కను, చీట్లపేక ముక్కనైనను గుఱి తప్పక విసరి చంపగల నేర్పు వానిది. 1980లో ‘న్యూ టీన్ టైటన్స్’ పత్రికలో డెత్‌స్ట్రోక్ వచ్చెను. ఆ యేడే ‘అవెంజర్స్’ పత్రికలో టాస్క్‌మాస్టరు వచ్చెను. వీడు నేరనాయకులకు బంట్లను సరఫరా చేయుటకై శిక్షణాలయములనే నడపును. హత్య వృత్తియైనపుడు దానికి బడియు, పంతులును, పరీక్షయు నుండవలసినదే గదా! ఈ వ్యంగ్యమును బుట్టించిన రచయితలు దానిని లోతుగ ద్రవ్వకుండుట విచారకరము.

ఫ్రాంక్ మిల్లర్ ‘డేర్‌డెవిల్’ను వ్రాసిన కాలపు కథలు వీనిలో నుత్తమములని మా నిర్ణయము. కథానాయకుడు మాట్ మర్డాక్ అంధుడు, న్యాయవాది. రాత్రివేళ డేర్‌డెవిల్ అను పేరుతో నేరస్థుల నెదిరించును. అతని శత్రువు కింగ్‌పిన్, పైకి సుగంధద్రవ్యముల వర్తకుడు, లోపల నగరపు నేరములన్నిటికి నధిపతి. 1981లో ఎలెక్ట్రా అను స్త్రీ ప్రవేశించును. గ్రీకు రాయబారి కూతురు. మర్డాక్‌తో గలసి కళాశాలలో చదివినది, అతనిని బ్రేమించినది. తండ్రి చంపబడిన పిదప లోకముపై నమ్మకము పోగొట్టుకొని హత్యావృత్తిలో దిగినది. ఆమె కింగ్‌పిన్ కొలువులో ముఖ్యహంతకి యగును. చెఱసాలలో నున్న బుల్స్‌ఐకి, తన స్థానము వేఱొకరికి దక్కినదని తెలియును.

1982 ఏప్రిల్ నాటి 181వ సంచిక బుల్స్‌ఐ నోటి మాటగనే నడచును. ఇందలి భయంకరత్వము నెత్తురులో లేదు. వాని మాటతీరులో నున్నది. వాడు పగతో మాటాడడు, ఉద్యోగము పోయినవాని యీర్ష్యతో మాటాడును. మర్డాక్ మిత్రుని జంప నియోగింపబడిన ఎలెక్ట్రాను ఆ మిత్రుడు గుర్తుపట్టి, మాట్ ప్రియురాలవు గదా యనును. ఆమె చేయి వడకును, చంపలేక విడిచిపుచ్చును. ఆ మెత్తదనము కలిగిన రాత్రియే బుల్స్‌ఐ యామెను ఆమె యాయుధముతోనే పొడుచును. ఆమె ప్రాకుచు బోయి మర్డాక్ చేతులలో బ్రాణము విడుచును. ఇది వాని కొక దరఖాస్తు వంటిది: నా పనితనము చూడుడు, నా కొలువు నాకిండు. వెనుకటి సంవత్సరమున రైలుచక్రముల క్రింద బడబోయిన వానిని డేర్‌డెవిల్ రక్షించియుండెను. వీడిక జంపబోవువారి పాపము నీదేనని యొక పోలీసు అధికారి యపుడతనిని నిలదీసెను. ఈ మాఱు ఎత్తునుండి పడబోవుచున్న వాని చేతిని డేర్‌డెవిల్ వదలివేయును. వాడు నడుము విఱిగి మంచము పట్టును.

లెక్క చూతము. ఎలెక్ట్రా ప్రాణము పోయినది. బుల్స్‌ఐ నడుము పోయినది. మర్డాక్‌కు ప్రియురాలును బోయినది, మనశ్శాంతియు బోయినది. కింగ్‌పిన్‌కు బోయినదేమి? ఒక పనిమనిషి. ఇంతే. కథకుడీ మాటను జెప్పడు. చెప్పకపోయినను చదువరి కోపము తనంత తానే యా మేడవైపు తిరుగును. ఇది కథాశిల్పము మాత్రమే కాదు, ధర్మబోధకూడ.

డెత్‌స్ట్రోక్ కథయందు మా మెప్పును మా యాక్షేపణయు సమానముగా గలవు. మార్వ్ వుల్ఫ్‌మాన్ వ్రాయగా జార్జి పెరెజ్ చిత్రించిన యీ కథలో, స్లేడ్ విల్సన్ అను మాజీ సైనికుడు కిరాయి హంతకుడైనాడు. ఒకప్పుడు వాని చిన్నకొడుకు జోసెఫును శత్రువులు చెఱబట్టి, నిన్ను నియోగించిన వారి పేరు చెప్పుము, లేనియెడల బాలుని గొంతు కోసెదమనిరి. విల్సన్ చెప్పడు. మాట తప్పుట వృత్తిధర్మము కాదట! బాలుని రక్షింపవచ్చునని నమ్మి యెదురుదాడి చేసెను. బాలుడు బ్రదికెను గాని కంఠము తెగి మూగవాడయ్యెను. తల్లి యాడెలిన్ ఆ సంగతి తెలిసి భర్తపై తుపాకి కాల్చెను. వాని కన్ను పోయెను. ఈ ఘట్టమును మేము మిక్కిలి మెచ్చెదము. హంతకుని ‘మాట తప్పని గుణము’ను బొగడు కథలు లోకమున నసంఖ్యాకములు. ఆ గుణమునకు వెల నెవరు చెల్లింతురో చూపిన కథ యిది. తండ్రి మానము నిలిచినది. బిడ్డ గొంతు పోయినది.

కాని 1984లో వెలువడిన ‘ది జూడాస్ కాంట్రాక్ట్’ అను భాగములోనే మా యాక్షేపణయు గలదు. టైటన్స్ అను యువవీరుల సంఘములోనికి టెర్రా అను పదునాఱేండ్ల బాలిక స్నేహితురాలివలె చేరి, వారి రహస్యముల నీ విల్సనుకు జేరవేయును. వయస్సు మీఱిన యీ హంతకుడు ఆమెను బనికిని భోగమునకును గూడ వాడుకొనుచున్నాడని చిత్రములే స్పష్టముగ జూపుచున్నవి. తుదకా బాలిక తన శక్తివలననే తాను కూలిన ఱాళ్ల క్రింద మరణించును. అపుడు కథకుని గొంతు, ఈమె పుట్టుకతోనే చెడ్డది, మతిలేనిది, ద్వేషమే యీమె స్వభావము, అని తీర్పు చెప్పును. పెద్దవాడు మాత్రము బ్రదికి, క్రమముగా మర్యాదస్థుడై, 1991 నాటికి తన పేరనే యొక పత్రికకు నాయకుడయ్యెను! చదువరులారా, ఈ తీర్పును మనమెచటనో వినియుంటిమి గదా? చెడిపోయిన బాలికకు నింద, చెఱచిన పురుషునకు క్షమ, ఇది మన సంఘసంస్కర్తలు ముప్పాతిక జీవితము ధారపోసి యెదిరించిన న్యాయమే. అది రంగుల కాగితముపై వచ్చిన మాత్రమున న్యాయము కాజాలదు. చిత్రము నిజము చెప్పుచుండగా వ్యాఖ్యానము దానిని గప్పిపుచ్చుటకు నింతకంటె దృష్టాంతము దొరకదు.

మరల మిల్లర్ యొద్దకు రావలెను. 1986లో డేవిడ్ మజూకెల్లి చిత్రములతో నతడు వ్రాసిన ‘బార్న్ ఎగెయిన్’ అను డేర్‌డెవిల్ కథయందు, ఈ ప్రశ్నకు మేమెదురుచూచిన యుత్తరము లభించినది. కింగ్‌పిన్ డేర్‌డెవిల్ నిజమైన పేరును గొని, వాని వృత్తిని, ఇంటిని, కీర్తిని నాశనము చేయును. బెన్ ఉరిచ్ అను పత్రికారచయిత నిజము వ్రాయబోగా, కింగ్‌పిన్ పంపిన దాది యొకతె యతని వ్రేళ్లు విఱుచును. ఎంచి విఱిచినది వ్రేళ్లనే. వ్రాయువానికి వ్రేళ్లే నోరు గదా! అతడు భయపడి యూరకుండును. తరువాత నదే దాది వేఱొక సాక్షిని జంపుచుండగా టెలిఫోనులో వినవలసివచ్చును. ఆ వినికిడితో వాని భయము సిగ్గుగా మాఱును. విఱిగిన వ్రేళ్లతోనే మరల వ్రాయబూనును. తుదిని కింగ్‌పిన్, మందులతో మతి చెదరిన న్యూక్ అను సైనికుని ఆ పేటపై నుసికొల్పును. వాని తుపాకికి నిరపరాధులు బలియగుదురు. ప్రాణములు పోవుచున్న యా సైనికుని డేర్‌డెవిల్ పత్రికాలయమునకు మోసికొని పోవును. శిక్షించుటకు గాదు, సాక్ష్యమునకు. కింగ్‌పిన్ చెఱసాల పాలుకాడు, చావడు. కాని పెద్దమనిషి యను ముసుగు చిరుగును. పిడికిలి చేయలేని పనికి కలము దారి తీసినది. చేతిని శత్రువుగా గాక సాక్షిగా జూచిన యీ కథను మేము మా చదువరులకు నిస్సంకోచముగ సిఫారసు చేయుచున్నాము. ఇందు బాలురకు దగని ఘట్టములు గలవు; ఎదిగినవారికే యీయదగినది.

జాన్ ఆస్ట్రాండర్ 1987లో ఆరంభించిన ‘సూయిసైడ్ స్క్వాడ్’ను గూర్చి రెండు మాటలు. ఇందు డబ్బుసంచి ప్రభుత్వముదే. శిక్ష ననుభవించుచున్న నేరస్థులను, వారిలో డెడ్‌షాట్ అను కిరాయి హంతకుని, అధికారిణి యమాండా వాలర్ రహస్యమైన పనులకు బంపును. బ్రదికి వచ్చినచో శిక్ష తగ్గును. పారిపోజూచినచో చేతికి దొడిగిన కడియము ప్రేలును. కూలికి జంపుట నేరమైనచో, రాజ్యము కూలి యిచ్చినపుడది యేమగును? ఈ కథ యా ప్రశ్నను విడువక యడుగుటయే దాని ఘనత. 2016లోను 2021లోను వచ్చిన చలనచిత్రములలో వినోదము హెచ్చి, ఆ ప్రశ్న యొక్క పదును తగ్గినదని మాకు దోచుచున్నది.

ఇట్టి పుస్తకముల నింటికే రానీయకుండుట మేలని కొందఱనవచ్చును. వెర్థామ్ గ్రంథమును ఆశ్రయించువారు, అతని పత్రములను బరిశీలించిన కరోల్ టిల్లీ 2012లో జూపినదానిని గూడ దెలిసికొనవలెను: తన వాదమునకు దగినట్లు బాలుర వాఙ్మూలముల నతడు మార్చియు, కలిపియు వాడుకొనెను. సదుద్దేశమునకైనను అసత్యము సహాయము కాదు. నిషేధము కథను ఆపదు, దొంగచాటు చేయును. తల్లిదండ్రులు పిల్లవానితో గూర్చుండి చదివి, ఒక్క ప్రశ్న యడుగుట మేలు: నాయనా, వీనిని బంపినదెవరు? కథ ముగిసినపుడు వాడెక్కడనున్నాడు?

ఈ ప్రశ్న హంతకుల కథలకే పరిమితము కాదు. నేను చెప్పిన పని చేసితిని, మంచిచెడ్డలు నాకేల, అను మాట కచేరీలలో విందుము, కొట్లలో విందుము, కట్నము బేరమాడు మధ్యవర్తి నోట పెండ్లిపందిళ్లలో గూడ విందుము. నాకు దెలియదు, మావాడే చేసినాడు, అను మాట అంతకంటె పెద్ద యిండ్లలో విందుము. మొదటిది చేయి మాట. రెండవది సంచి మాట. ఈ రెండు మాటలును గలిసినపుడు పాపము చేసినవాడే లేకుండ పోవును. పాపము మాత్రము మిగులును. ఒక చిత్రకథ బాలునకు ఈ రెండు మాటలలోని యబద్ధమును బోల్చుకొనుట నేర్పినచో, అది యెంత చౌకకాగితముపై నచ్చయినను, మా గ్రంథాలయమున దానికి స్థానము గలదు.